మే 17 జాతీయ దినమైతే జూన్ 7 ఏమిటి? నార్వే 1905 గురించి

మీ ప్రశ్నను ఒకసారి నా మాటల్లో చెప్పుకుంటాను. మీరు ఉద్యోగరీత్యా ఓస్లోకు వచ్చి ఏడాదిన్నర అయింది. మే 17న పిల్లల ఊరేగింపులు చూసి అది స్వాతంత్ర్య దినోత్సవమని అనుకున్నారు. తరువాత క్యాలెండరులో జూన్ 7 దగ్గర జెండా గుర్తు కనిపించింది, 1905లో స్వీడన్ నుంచి విడిపోయిన రోజు అదేనని తెలిసింది. అలాగైతే నార్వే స్వతంత్రమైనది 1814లోనా, 1905లోనా, తనకంటే పెద్దదైన స్వీడన్ యుద్ధం చేయకుండా ఎలా ఊరుకుంది అన్నది మీ సందేహం.

సూటిగా చెప్పాలంటే, నార్వే తన రాజ్యాంగాన్ని రాసుకున్నది 1814 మే 17న. స్వీడన్‌తో ఉమ్మడిగా ఉన్న రాజును వదులుకున్నది 1905 జూన్ 7న. ఇక్కడివారు దేశానికి పుట్టినరోజుగా భావించేది మొదటి తేదీనే. రెండవది ఆ రాజ్యాంగాన్ని ఆధారం చేసుకుని తీసుకున్న ఒక నిర్ణయం. యుద్ధం రాకపోవడానికి కారణాలు చాలా ఉన్నాయి గాని, నా దృష్టిలో వాటిలో పెద్దది ఒకటే: తెగే దాకా లాగగలిగిన ప్రతిసారీ ఇరుపక్షాలూ ఎదుటివారి పరువు దక్కేలా ఒక దారిని తెరిచి ఉంచాయి.

నేను పద్నాలుగేళ్లుగా ఇక్కడి ఒక వయోజన విద్యా కేంద్రంలో కొత్తగా వచ్చినవారికి ఈ దేశ చరిత్ర, పాలనా వ్యవస్థ బోధిస్తున్నాను. మొదటి రెండేళ్లు నేను కూడా "1905లో స్వీడన్ పాలన నుంచి నార్వేకు విముక్తి కలిగింది" అనే చెప్పేదాన్ని. ఒకరోజు తరగతి చూడటానికి వచ్చిన విశ్రాంత ఉపాధ్యాయురాలు ఒకరు పాఠం ముగిశాక నన్ను పక్కకు పిలిచి, "మేము ఎన్నడూ స్వీడన్‌కు వలసగా లేము, ఆ మాట సరిచేసుకో" అని నెమ్మదిగా చెప్పారు. ఆవిడ చెప్పింది నిజం. స్వాతంత్ర్యం అనగానే మనవాళ్లకు పరాయి కలెక్టరు, పరాయి పోలీసు, పరాయివాడు వసూలు చేసుకుపోయే శిస్తు గుర్తుకొస్తాయి. 1905కు ముందు నార్వేలో ఇవేవీ లేవు. సొంత పార్లమెంటు, సొంత మంత్రివర్గం, సొంత న్యాయస్థానాలు, సొంత సైన్యం, సొంత ఖజానా ఉండేవి. ఉమ్మడిగా ఉన్నవి ప్రధానంగా రెండు: రాజు, విదేశాంగ వ్యవహారాలు. ఈ రెండవదాని దగ్గరే పేచీ వచ్చింది.

కొంచెం వెనక్కి వెళ్లక తప్పదు. నెపోలియన్ యుద్ధాలలో డెన్మార్క్ ఓడిన పక్షాన నిలిచింది. దాని ఫలితంగా 1814 జనవరి 14న కీల్ సంధి ప్రకారం డెన్మార్క్ రాజు అప్పటివరకు తన కింద ఉన్న నార్వేను స్వీడన్ రాజుకు అప్పగించాడు. తమను అడగకుండా చేతులు మార్చడాన్ని నార్వే పెద్దలు ఒప్పుకోలేదు. 112 మంది ప్రతినిధులు ఐడ్స్‌వోల్‌లో ఒక ఇనుప కర్మాగార యజమాని ఇంట్లో సమావేశమై రాజ్యాంగాన్ని రాశారు. మే 17న దాన్ని పూర్తిచేసి తమ రాజును ఎన్నుకున్నారు. ఆ వేసవిలో స్వీడన్ సైన్యం వచ్చింది, కొద్ది వారాల యుద్ధం జరిగింది, ఆగస్టు 14న మోస్ పట్టణంలో ఒప్పందం కుదిరింది. ఆ ఒప్పందంలో నార్వే రాజును వదులుకుంది గాని రాజ్యాంగాన్ని వదులుకోలేదు. స్వీడన్‌తో కలయికకు అవసరమైన సవరణలు మాత్రం చేసి, నవంబరు 4న తన పార్లమెంటు ద్వారానే, అంటే స్టోర్టింగ్ ద్వారానే, స్వీడన్ రాజును తన రాజుగా ఎన్నుకుంది. ఈ సంగతి గుర్తుంటే 1905లో వాళ్లు వాడిన వాదన మొత్తం అర్థమవుతుంది.

ఇక పేచీ విషయం. పందొమ్మిదో శతాబ్దం చివరికి నార్వే వాణిజ్య నౌకాదళం ప్రపంచంలో మూడవ స్థానానికి చేరింది. ఇరవై మూడు లక్షల జనాభా ఉన్న దేశానికి అది చాలా పెద్ద విషయం. ఎక్కడో దక్షిణ అమెరికా రేవులో ఓడ దెబ్బతిన్నా, నావికుడికి జీతం ఎగ్గొట్టినా, ఒకడు జ్వరంతో చనిపోయి అతని పెట్టె ఇంటికి చేరాల్సి వచ్చినా, వెళ్లవలసింది కాన్సల్ దగ్గరికే, అంటే పరాయి రేవులో తమ దేశస్థుల పనులు చూసే అధికారి దగ్గరికే. ఆ కాన్సల్ ఇరు దేశాలకూ ఉమ్మడి, అతని పై అధికారి మాత్రం స్వీడన్ విదేశాంగ మంత్రి. పైగా స్వీడన్ దిగుమతి సుంకాలు పెంచే విధానంలో ఉంటే, ఓడల మీద బతికే నార్వేకు స్వేచ్ఛా వాణిజ్యం కావాలి. అందువల్ల సొంత కాన్సళ్లు కావాలన్న కోరిక గుమాస్తాల నియామకం గురించిన చిన్న తగాదాగా కనిపించినా, వేల కుటుంబాల జీవనంతో ముడిపడి ఉంది.

గౌరవానికి సంబంధించిన బాధ కూడా ఉంది. ఇరు దేశాల జెండాల మూలలో ఇద్దరి రంగులనూ కలిపి ఒక గుర్తు ఉండేది. నార్వేజియన్లు దాన్ని "సిల్డెసలాటెన్" అనేవారు, అంటే హెర్రింగ్ చేప, బీట్‌రూటు కలగలిపి చేసే సలాడు. వాణిజ్య జెండా మీద నుంచి ఆ గుర్తును తీసివేయడానికి స్టోర్టింగ్ మూడుసార్లు చట్టం చేయవలసి వచ్చింది; రాజు రెండుసార్లు తిరస్కరించాడు. యుద్ధనౌకల మీద మాత్రం అది 1905 వరకూ ఎగిరింది.

1895లో ఇదే కాన్సళ్ల విషయంలో స్వీడన్ కన్నెర్రజేసినప్పుడు, సైన్యం సిద్ధంగా లేక నార్వే తలవంచవలసి వచ్చింది. ఆ అవమానం తరువాత పదేళ్లపాటు డబ్బు సమకూర్చుకుని నౌకలు కొన్నారు, సరిహద్దు వెంబడి కోటలు కట్టారు. 1905 కథను శాంతి కథగా మాత్రమే చెప్పేవారు ఈ పదేళ్లను మరచిపోతారు. చేతిలో ఏమీ లేకుండా కూర్చుని ఉంటే, తరువాత స్వీడన్ పట్టణం కార్ల్‌స్టాడ్‌లో జరిగిన చర్చల ఫలితం మరోలా ఉండేదని నా నమ్మకం.

1905 మార్చిలో బెర్గెన్ నగరానికి చెందిన ఓడల యజమాని క్రిస్టియన్ మిక్కెల్సెన్ ప్రధానమంత్రి అయ్యాడు. మేలో స్టోర్టింగ్ సొంత కాన్సళ్ల చట్టాన్ని ఏకగ్రీవంగా ఆమోదించింది. మే 27న స్టాక్‌హోమ్‌లో నార్వే మంత్రులు ఆ చట్టాన్ని రాజు రెండవ ఆస్కర్ ముందు పెట్టారు. ఆయన సంతకం చేయనన్నాడు. మంత్రులు రాజీనామా పత్రాలు ఇచ్చారు. అప్పుడు రాజు, ప్రస్తుతం మరో ప్రభుత్వం ఏర్పడే అవకాశం లేదు గనుక ఈ రాజీనామాలను అంగీకరించను అన్నాడు. వృద్ధుడైన రాజు సర్దిచెప్పే ధోరణిలో అన్న ఆ మాటనే మిక్కెల్సెన్ పట్టుకున్నాడు. సరిగ్గా అదే రోజున సుషిమా జలసంధిలో రష్యా నౌకాదళాన్ని జపాన్ చిత్తుచేయడం మొదలుపెట్టింది. స్వీడన్ శతాబ్దాలుగా ఎవరిని చూసి భయపడేదో ఆ రష్యా చేతులు అప్పుడు ఖాళీగా లేవు.

జూన్ 7 తీర్మానాన్ని దగ్గరగా చదవండి. దాన్ని నేను ప్రతి తరగతిలోనూ బోర్డు మీద రాసి విడదీసి చూపిస్తాను. మొత్తం ఒకే వాక్యం. దాని భావం ఇది: మంత్రిమండలి సభ్యులందరూ పదవులు విడిచినందున, దేశానికి కొత్త ప్రభుత్వాన్ని సమకూర్చలేనని రాజు ప్రకటించినందున, ఆ విధంగా రాజ్యాంగబద్ధమైన రాజాధికారం పనిచేయడం ఆగిపోయినందున, ఈ రోజు పదవులు విడిచిన మంత్రులే నార్వే ప్రభుత్వంగా రాజుకున్న అధికారాలను నిర్వహించాలని స్టోర్టింగ్ అధికారమిస్తున్నది, రాజు నార్వే రాజుగా వ్యవహరించడం మానినందువల్ల ఒకే రాజు కింద స్వీడన్‌తో ఉన్న కలయిక రద్దయిన కారణంగా అవసరమైన మార్పులతో.

ప్రధాన క్రియ ఎక్కడుందో చూశారా? "అధికారమిస్తున్నది" అన్నదే ప్రధాన క్రియ. తొంభై ఏళ్ల కలయిక రద్దయిందన్న మాట మూలంలో వాక్యం తోకలో, ఒక ఉపవాక్యంలో, ఇంతకుముందే జరిగిపోయిన సంగతిలా వస్తుంది. "మేము విడిపోతున్నాము" అని ఎక్కడా లేదు. తిరుగుబాటు అన్న పదానికి తావు లేదు. రాజ్యాంగం ప్రకారం ప్రభుత్వం లేకుండా రాజు పాలించలేడు. ప్రభుత్వాన్ని ఇవ్వలేనని ఆయనే అన్నాడు. కాబట్టి ఆయనే తప్పుకున్నాడు, ఆయనతో పాటు ఉమ్మడితనమూ పోయింది. 1814లో ఎన్నుకున్న ప్రతినిధులే రాజును రాజు చేశారన్న సూత్రం ఈ వాక్యానికి పునాది. అందుకే మే 17 లేకుండా జూన్ 7 నిలవదు.

తర్కం చాలా నైపుణ్యంతో కూడినదే గాని నిర్దోషమైనది కాదని కూడా చెప్పాలి. ఒక రాజీనామాను అంగీకరించకపోవడాన్ని సింహాసనం వదులుకోవడంగా చదవడం న్యాయశాస్త్ర దృష్టితో సాగదీతే. స్వీడన్ జనం దీన్ని మోసంగా, వృద్ధుడైన రాజుకు జరిగిన అవమానంగా చూశారు. ఆ బాధను నార్వే నాయకులు ఊహించే, అదే రోజున మరో తీర్మానం కూడా చేశారు: రాజుగారి వంశంలోనే ఒక రాకుమారుణ్ణి నార్వే సింహాసనానికి పంపమని కోరారు. ఆస్కర్ దానికి ఒప్పుకోలేదు. అయినా ఆ కోరిక వల్ల, ఈ చర్య స్వీడన్ మీదా రాజవంశం మీదా ద్వేషంతో చేసినది కాదని యూరప్ రాజులందరికీ అర్థమైంది.

స్వీడన్ పార్లమెంటు ప్రత్యేకంగా సమావేశమై, విడిపోవడానికి సూత్రప్రాయంగా అభ్యంతరం లేదు గాని ముందు నార్వే ప్రజల అభిప్రాయం తెలియాలి, సరిహద్దు కోటలు కూల్చాలి, తరువాతే చర్చలు అంది. స్వీడన్ నుంచి ఆ కోరిక లాంఛనంగా అందేలోపే నార్వే తనంతట తాను ఆగస్టు 13న ప్రజాభిప్రాయ సేకరణ జరిపింది. రద్దుకు అనుకూలంగా 3,68,208 ఓట్లు, వ్యతిరేకంగా 184. ఓటు హక్కున్నవారిలో 85 శాతం పైగా వచ్చారు. ఒక సైనిక పటాలానికి కూడా చాలని ఆ 184 అంకె విని నా విద్యార్థులు మొదట నమ్మరు. ఒత్తిడి చేశారా అని అడుగుతారు. వాతావరణం ఎంత ఏకపక్షంగా ఉందో కాదనలేము, గాని ఫలితం నిజమైనదే.

అయితే ఆ ఓట్లన్నీ పురుషులవే. మహిళలకు అప్పటికి జాతీయ స్థాయిలో ఓటు హక్కు లేదు. ఫ్రెడ్రిక్కె మారీ క్వామ్ నాయకత్వంలోని మహిళా ఓటుహక్కు సంఘం ఊరూరా తిరిగి, కొద్ది వారాలలో 2,40,000కు పైగా మహిళల సంతకాలు సేకరించి స్టోర్టింగ్‌కు అందజేసింది. టెలిఫోను అరుదుగా ఉన్న కాలంలో, ఫియార్డుల (కొండల నడుమకు చొచ్చుకొచ్చిన సముద్రపు పాయల) మధ్య పడవలలో తిరిగి చేసిన పని అది. తమను లెక్కించని దేశం కోసం చేసిన పని కూడా. 1907లో కొందరికి, 1913లో అందరికీ ఓటు హక్కు రావడానికి ఈ సంతకాలు ఎంతో తోడ్పడ్డాయి. నన్ను అడిగితే 1905లో అన్నిటికన్నా గొప్ప ఘట్టం ఇదే, పాఠ్యపుస్తకాలు దీనికి ఒక్క పేరాతో సరిపెట్టడం నాకు ఇప్పటికీ బాధగా ఉంటుంది.

ఆగస్టు 31న కార్ల్‌స్టాడ్‌లో ఫ్రీమేసన్ల భవనంలో చర్చలు మొదలయ్యాయి. ఇరు వైపులా నలుగురేసి కూర్చున్నారు. స్వీడన్ పక్షాన ఉన్న యాల్మార్ హామర్‌షోల్డ్‌కు సుమారు నెల క్రితమే ఒక కొడుకు పుట్టాడు. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శి అయిన డాగ్ హామర్‌షోల్డ్ అతడే. సెప్టెంబరు మొదటి వారంలో కోటల దగ్గర చర్చలు ఆగిపోయాయి, సరిహద్దుకు రెండు వైపులా సైన్యాలు కదిలాయి. యుద్ధానికి అతి దగ్గరగా వెళ్లినది ఆ రోజులలోనే. స్వీడన్‌లో కార్మికోద్యమం యుద్ధానికి గట్టిగా అడ్డుపడింది. ఆయుధాలు దించమని కరపత్రం రాసిన యువ సోషలిస్టు సెట్ హోగ్లుండ్ జైలుకు కూడా వెళ్లాడు. పెద్ద రాజ్యాలు కూడా స్కాండినేవియాలో మరో యుద్ధం వద్దని ఇరు రాజధానులకూ సంకేతాలు పంపాయి.

సెప్టెంబరు 23న ఒప్పందం కుదిరింది. సరిహద్దు వెంబడి సైన్యరహిత మండలం, కొత్తగా కట్టిన కోటల కూల్చివేత, తగాదాలు వస్తే హేగ్ మధ్యవర్తిత్వ న్యాయస్థానానికి వెళ్లడం అందులో ముఖ్యాంశాలు. నార్వే పట్టుబట్టి కాపాడుకున్నది పాత చారిత్రక కోటలను: కోంగ్స్‌వింగర్ కోటను, 1718లో స్వీడన్ రాజు పన్నెండవ కార్ల్ ముట్టడిస్తూ మరణించిన ఫ్రెడ్రిక్‌స్టెన్ కోటను. పదేళ్ల కష్టంతో కట్టుకున్న కొత్త కోటలను తమ చేతులతో కూల్చుకోవడం నార్వేలో చాలామందికి మింగుడు పడలేదు; స్టోర్టింగ్‌లో ఒప్పందానికి 101 ఓట్లు అనుకూలంగా, 16 వ్యతిరేకంగా పడ్డాయి. అక్టోబరు 26న ఆస్కర్ నార్వే సింహాసనాన్ని లాంఛనంగా వదులుకున్నాడు. నార్వే చరిత్రలో రద్దు తేదీ జూన్ 7, స్వీడన్ లెక్కలో అక్టోబరు 26. స్వీడిష్ సహోద్యోగులు ఎవరైనా ఉంటే వారితో మాట్లాడేటప్పుడు ఈ తేడా గుర్తుంచుకోండి.

ఈ శాంతికి మూల్యం చెల్లించినవారు ఉన్నారు. రెయిన్‌డీర్ మందలతో కాలాన్నిబట్టి కొండలు దాటే సామీ ప్రజలకు సరిహద్దు దాటే హక్కును 1751 నాటి ఒప్పందమే గుర్తించింది. కార్ల్‌స్టాడ్‌లో వారి మేతభూముల గురించి మాట్లాడినవారిలో సామీలు ఎవరూ లేరు. విడిపోయిన తరువాత నార్వే తన తీరంలోని వేసవి మేతను కుదించమని పట్టుబట్టింది. 1919 ఒప్పందం తరువాత ఉత్తర స్వీడన్‌లోని ఎన్నో సామీ కుటుంబాలను బలవంతంగా దక్షిణానికి తరలించారు. ఒక తరగతిలో 1905ను అందరికీ మేలు చేసిన పరిష్కారంగా వర్ణించినప్పుడు, నార్వే ఉత్తర కొసన ఉన్న ఫిన్‌మార్క్ నుంచి వచ్చిన తోటి ఉపాధ్యాయుడు ఒకరు, తన తాతల ఇంట్లో ఆ సంవత్సరం పేరు సంతోషంగా పలికేవారు కాదని చెప్పారు. ఆనాటి నుంచి నేను ఈ భాగాన్ని ఎప్పుడూ వదిలిపెట్టలేదు.

రాజు ఎవరన్న ప్రశ్న మిగిలింది. డెన్మార్క్ రాకుమారుడు కార్ల్‌ను పిలిచారు. బంధుత్వం చూస్తే ఆయన ఆస్కర్‌కు అన్నగారి కూతురి కొడుకు. భార్య మోడ్ ఇంగ్లండు రాజు కూతురు. గణతంత్రం కావాలనేవారు దేశంలో తక్కువేమీ కాదని తెలిసిన కార్ల్, ప్రజలను అడగనిదే రానన్నాడు. మిక్కెల్సెన్‌కు ఆ ఆలస్యం ఇష్టం లేకపోయినా నవంబరు 12, 13 తేదీలలో మరో ప్రజాభిప్రాయ సేకరణ జరిగింది: 2,59,563 మంది అనుకూలం, 69,264 మంది వ్యతిరేకం. కార్ల్ ఏడవ హోకన్‌గా పేరు మార్చుకున్నాడు. ఆరవ హోకన్ మరణించినది 1380లో. నవంబరు 25న మంచు పడుతుండగా నాటి రాజధాని క్రిస్టియానియా దగ్గర నౌక మీద మిక్కెల్సెన్‌ను కలుసుకున్నప్పటి ఛాయాచిత్రంలో రాజు చేతిమీద రెండేళ్ల కొడుకు ఉన్నాడు. దాన్ని ఒకసారి చూడండి. కొత్త రాజు దేశంలోకి వచ్చింది చంటిబిడ్డ తండ్రిగా.

ఓటు అడిగి వచ్చిన రాజు కావడం ముప్పై అయిదేళ్ల తరువాత ఉపయోగపడింది. 1940 ఏప్రిల్‌లో నార్వే మీద దండెత్తిన జర్మన్లు, తమకు అనుకూలుడైన నార్వే నాయకుడు క్విస్లింగ్‌ను ప్రధానిగా నియమించమని ఒత్తిడి చేసినప్పుడు, తాను దానికి ఒప్పుకోలేనని, ప్రభుత్వం ఒప్పుకుంటే సింహాసనం వదులుకుంటానని హోకన్ మంత్రులకు చెప్పాడు. తన అధికారం ప్రజల నుంచి వచ్చిందన్న స్పృహ ఆ సమాధానంలో ఉంది.

ఆర్థిక సంబంధాల గురించి ఒక్క మాట. తెగతెంపులు జరిగిన అదే సంవత్సరం డిసెంబరు 2న నార్వేలో నోర్స్క్ హైడ్రో సంస్థ పుట్టింది, అందులో స్వీడన్‌కు చెందిన వాలెన్‌బర్గ్ కుటుంబం పెట్టుబడి ఉంది. జలపాతాల విద్యుత్తుతో గాలిలోని నత్రజనిని పట్టి వాళ్లు చేసిన ఎరువు కాల్షియం నైట్రేట్. మన ఊళ్లలో బిందు సేద్యం చేసే రైతులకు ఆ పేరు కొత్త కాదు. సైన్యాలు వెనక్కి మళ్లి మూడు నెలలు కాకముందే డబ్బు సరిహద్దు దాటిందన్నమాట.

ఇక మీరు చివరగా అడిగినది: జూన్ 7న శుభాకాంక్షలు చెప్పాలా? అవసరం లేదు. అది సెలవు రోజు కాదు. ప్రభుత్వ భవనాల మీద జెండా ఎగురుతుంది, అంతే. వీలైతే ఆ వారాంతంలో సరిహద్దు మీద ఉన్న మోరోకూలియెన్‌కు కారులో వెళ్లి రండి. అక్కడి శాంతి స్తంభం 18 మీటర్ల ఎత్తు ఉంటుంది. 1914 ఆగస్టులో, మొదటి ప్రపంచ యుద్ధం మొదలైన కొద్ది రోజులకే, రెండు దేశాల జనం కలిసి దాన్ని ఆవిష్కరించారు. మీ వీధిలో జూన్ 7న ఉదయమే జెండా ఎగరేసే ముసలివారు ఎవరైనా ఉంటే, మీరు ఏ జూన్ 7ను తలుచుకుంటారని అడగండి. 1940లో హోకన్ ట్రోమ్‌సో నుంచి ప్రవాసానికి బయలుదేరినది జూన్ 7నే, 1945లో ఓస్లో రేవులో తిరిగి దిగినదీ జూన్ 7నే. మా పక్కింటి పెద్దావిడ ఆ రెండవసారి తండ్రి భుజాల మీద కూర్చుని రాజును చూశారట. ఆమె జెండా ఎగరేసేది ఆ రోజు కోసం.